టీవీ వారంటీ కార్డు చదివారా?

హైదరాబాద్ అబిడ్స్‌లో టీవీ కొనేటప్పుడు బొమ్మ చూసి మురిసిపోతాం గానీ, వారంటీ కార్డు తిప్పి చూడం. ప్యానెల్‌కు ఎన్నాళ్లు, రిమోట్‌కు ఉందా లేదా, దుకాణంలోనే చదవండి. వారంటీ తయారీ లోపానికే. తెర మీద దానంతటదే నిలువు గీత పడితే సాధారణంగా కంపెనీయే బాగుచేయాలి. దెబ్బ తగిలి సాలీడు గూడులా పగిలినా, హై వోల్టేజీకి బోర్డు కాలినా, బయటి మెకానిక్ చేత విప్పించినా చాలా కంపెనీలు ఒప్పుకోవు. సీరియల్ నంబరున్న పక్కా బిల్లు అడిగి తీసుకోండి, మొహమాటం వద్దు. వారంటీ ఉండీ కంపెనీ తిప్పుతుంటే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేయండి. అక్కడా తేలకపోతే నాంపల్లిలో జిల్లా వినియోగదారుల కమిషన్ ఉంది. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం వివాదం తలెత్తిన 2 ఏళ్లలోపు ఫిర్యాదు చేయాలి. 5 లక్షల లోపు వస్తువుకు ఫీజు లేదు. వకీలు లేకున్నా మీరే వాదించుకోవచ్చు.