కొలబద్ద ఎవరిది?

(నాచారంలోని ఒక బస్తీలో సాయంత్రం బడి పిల్లల ముందు, వాళ్ళ తల్లిదండ్రుల ముందు చేసిన ప్రసంగం)

 

మొన్న ఇక్కడ ఒక పిల్లవాణ్ణి "మీ నాయిన ఏం పని చేస్తడు?" అని అడిగితే తల దించుకున్నడు. నాయిన డప్పు కొడతడు. వానీడున నేనూ అట్లనే తల దించుకున్న. అందుకే ఇయ్యాల ఒక అడవి పిల్ల సంగతి చెప్త.

నల్లమలలో మూషిక జింక ఉంటది. ఎంత పెరిగినా మూడు కిలోల చిల్లరే. కొమ్ములు ఎన్నటికీ రావు. దాని పిల్ల దుప్పిని చూసి "నాకెందుకు కొమ్ములు లేవమ్మా?" అని ఏడ్చిందనుకోండి. తల్లి ఏం చెప్పాలె? "బిడ్డా, మనల్ని జింక అన్నది మనుషులు. మనది జింకల కుటుంబమే కాదు. కొమ్ములుంటే ఈ పొదల్లో ఇరుక్కుపోతవు. నీ ఒంటి మీది తెల్ల మచ్చలే నిన్ను ఎండుటాకుల్లో దాస్తయి."

చూసిన్రా? లోపం పిల్లలో లేదు, కొలిచిన కొలబద్దలో ఉంది. 2010లో సీసీఎంబీ, నెహ్రూ జూ కలిసి ఈ జీవిని పెంచడం మొదలుపెట్టినయి. తర్వాత అమ్రాబాద్ అడవిలో వదిలిన్రు. కొమ్ములు మొలిపించి కాదు, ఉన్నదున్నట్టుగనే.

అయితే జాగ్రత్త! "చూసిన్రా, ఎవని చోటు వానిదే" అని ఈ కథను కులానికి అంటగట్టేటోళ్ళు ఉంటరు. దుప్పి వేరు, మూషిక జింక వేరు. మనుషులంతా ఒక్కటే జీవజాతి. కులం నెత్తుటి తేడా కాదని బాబాసాహెబ్ 1936లోనే 'కుల నిర్మూలన'లో వాదించిండు. మన ఉప్పల్ రోడ్డు మీది సీసీఎంబీ శాస్త్రవేత్తలు అమెరికావాళ్ళతో కలిసి 2009లో, 2013లో ఇదే లెక్క తేల్చిన్రు. ఈ దేశంల దాదాపు అందరిదీ కలిసిన నెత్తురే. సుమారు 1,900 ఏళ్ళ కిందటి దాకా కలుస్తూ వచ్చిన జనం ఆ తర్వాతనే పెళ్ళిళ్ళకు గోడలు కట్టుకున్నరు.

మరి మన తేడా ఏంది? డప్పు దరువు, మన యాస, మన వంట. ఇవి నెత్తుట్ల వచ్చినవి కావు, మన పెద్దలు చేతులతో చేసినవి. వాటికి సిగ్గుపడం. అట్లని వాటికే మనల్ని కట్టేస్తమంటే ఊరుకోం. డప్పు కొట్టినోని బిడ్డ డప్పు కొట్టొచ్చు, సీసీఎంబీలో సైంటిస్టూ కావచ్చు. తేల్చుకునేది ఆ బిడ్డనే.

తల్లిదండ్రులారా, ఇంట్ల "మన బతుకులింతే" అనే మాట బందుపెట్టండి. పిల్లలారా, రేపు ఎవరన్నా అడిగితే తలెత్తి చెప్పండి: "మా నాయిన డప్పు కొడతడు. మీ నాయిన ఏం చేస్తడు?"

జై భీమ్!