దశబంధము అను మాట

(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



రజతోత్సవ సభలో నన్ను మాటాడుమని పాలకవర్గమువారు కోరిరి. నేను గ్రామపు లెక్కలతో కాలము గడపువాడను. సంస్కృతాంధ్రములు నాకు గురుకులమున గాక, గ్రంథాలయపు బల్లలయొద్దనే ఇంతో అంతో అబ్బినవి. కావున లెక్కల దస్త్రములందును, ధర్మశాస్త్రములందును కనబడు ఒక్క మాటను నేటి విషయముగా ఎన్నుకొంటిని. ఆ మాట దశబంధము.

ఈ మాట నేడు అరుదైనది. తెలియనివారికి పదిమంది బంధువులు పంచుకొన్న ఆస్తియని తోచినను తోచవచ్చును. పాత ఇనాము రిజిష్టరులలో అది దశబంధ ఇనామనియు, విజయనగర కాలపు శాసనములలో దశవందమనియు కనబడును. దీని అర్థము తెలిసికొనుట పండితుల వినోదమునకు మాత్రమే కాదు. సాలుకు సుమారు 22 అంగుళముల వానతో బ్రదుకవలసిన ఈ కరవుసీమలో, ఊరి చెరువును ఎవరు కాపాడవలెనను ప్రశ్నకు మన పూర్వులు చెప్పిన ఉత్తరము ఈ ఒక్క మాటలో దాగియున్నది.

మొదట శాస్త్రార్థమును చూతము. 'దశ' యనగా పది. 'బంధ' మనగా కట్టు, ముడి. ధర్మశాస్త్రములందు దశబంధమనగా వివాదపడిన సొమ్ములో పదవవంతు దండుగ. కౌటిల్యుని అర్థశాస్త్రమున మూడవ అధికరణమునకు ధర్మస్థీయమని పేరు. న్యాయస్థానపు వ్యవహారములన్నియు అందు కలవు. వ్యాజ్యములో ఓడినవాడు ఓడిన తీరునుబట్టి ఒకచో పంచబంధమును, అనగా అయిదవవంతును, మరియొకచో దశబంధమును చెల్లింపవలెనని అచ్చట విధింపబడినది.

మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయమున ఈ మాట సాక్షుల ప్రకరణములో వచ్చును. అప్పు వ్యవహారములో సాక్షియైనవాడు, రోగమేమియు లేకయే మూడు పక్షములు గడచినను సాక్ష్యము చెప్పకున్నచో, ఆ అప్పంతయు తానే తీర్చి, దశబంధమును గూడ ఇచ్చుకొనవలెను. యాజ్ఞవల్క్యస్మృతియు ఇదే మాటను వాడి, నలువదియారవ దినమున అట్టివానిచే చెల్లింపజేయుమన్నది. మూడు పక్షములనగా నలువదియైదు దినములు. గడువు ముగిసిన మరునాడే వసూలని రెండు స్మృతులకును లెక్క సరిపోయినది. ఈ యాజ్ఞవల్క్యస్మృతికే కల్యాణి చాళుక్యుడైన ఆరవ విక్రమాదిత్యుని కాలమున విజ్ఞానేశ్వరుడు మితాక్షరయను వ్యాఖ్య వ్రాసెను. పదమూడవ శతాబ్దిలో, తిక్కన సోమయాజికి దశకుమారచరిత్రమును అంకితమిచ్చిన కేతన, ఆ మితాక్షర ననుసరించి విజ్ఞానేశ్వరీయమను పద్యగ్రంథమును తెలుగున రచించెను. న్యాయశాస్త్రమును తెలుగు పద్యములలో చదువుకొను భాగ్యము మనకు ఏడువందల యేండ్లనాడే కలిగినది.

ఇక రెండవ అర్థము. ఇది మన సీమ నేలలో పుట్టిన అర్థము. 1855లో విల్సను పండితుడు ప్రకటించిన న్యాయ రెవిన్యూ పదకోశమున దశబంధమను మాట ఎక్కినది. చెరువువంటి లోకోపకారమైన పని చేసినవారికి ప్రతిఫలముగా శిస్తులో పదవవంతు తగ్గించుట యని అందలి తాత్పర్యము. అనగా ఒకడు తన ధనము వెచ్చించి చెరువు కట్టించెననుకొనుడు. దానివలన బీడు మాగాణియై రాజునకు శిస్తు పెరిగెను. ఆ పెరుగుదలలో ఒక వంతు కట్టినవానికి ముడివేయబడెను. ఆ ముడియే దశబంధము.

ఉదాహరణకు ఒక లెక్క వేసి చూపుదును. ఒక చెరువు క్రింద నూరెకరముల ఆయకట్టు ఉన్నదనుకొందము. ఎకరమునకు అయిదు రూపాయల శిస్తు. మొత్తము అయిదువందలు. అందు పదవవంతు ఏబది రూపాయలు దశబంధదారునకు చెందును. ఇట్లు మొత్తపు శిస్తులో వంతుగా చెందుదానిని షామిలాతు దశబంధమనిరి. అట్లుగాక, ఫలానా నేల అని హద్దులు చూపి, దానిని ఇనాముగా విడిచినచో ఖండము దశబంధమనిరి. అయితే పేరునుబట్టి అన్నిచోట్లను సరిగా పదవవంతే ఉండెనని తలపరాదు. వంతు ఊరూరికిని మారెను. పేరు మాత్రము మారలేదు.

ఈ మాటను ఇరుగుపొరుగు మాటలతో కలిపివేయరాదు. నీరుగంటి మాన్యము దశబంధము కాదు. నీరుగంటి ఏటేట తూము తెఱచి, మళ్లకు నీరు పంచును. అతని మాన్యము అతని దేహకష్టమునకు కూలి. శ్రోత్రియము విద్యావంతుని విద్యకు గౌరవము. దేవమాన్యము దేవుని దీపారాధనకు. దశబంధ మొక్కటియే చెరువు కట్టించుటకును, కట్టిన చెరువును నిలుపుటకును ఏర్పడినది. మైసూరు సీమలో దీనినే కట్టుకొడిగె యందురు. కొడిగె యనగా కన్నడమున ఈవి. కన్నడ పదము ఇచ్చినదానిని చెప్పుచున్నది. మన పదము కట్టివేసినదానిని చెప్పుచున్నది. ఈ భేదమును మీరు గమనింపవలెనని కోరుచున్నాను.

ఒకే మాట ఒకచోట దండుగ, మరియొకచోట బహుమానము ఎట్లయినది? పైకి ఇది విరుద్ధముగా తోచును. నాకు తోచిన సమాధానమును మనవి చేసెదను, పెద్దలు పరిశీలింతురుగాక. రెండు అర్థములందును ప్రధానమైనది పదవవంతు కాదు, బంధము. సాక్షి తన నోటి మాటకు కట్టుబడియున్నాడు. ఆ కట్టు తప్పినచో దశబంధము చెల్లించును. చెరువు కట్టినవాడు చెరువునకు కట్టుబడియున్నాడు. ఆ కట్టు నిలిపినంతకాలము దశబంధము అనుభవించును. ఇచ్చుకొనుటయందైనను, పుచ్చుకొనుటయందైనను, మనుష్యుడు తన పూనికకు బద్ధుడని ఈ పదము చాటుచున్నది.

ఇట్టి భావము కౌటిల్యునియందే కలదు. క్రొత్తగా చెరువును సేతువును నిర్మించినవానికి అయిదేండ్లును, చెడి విడిచిపెట్టినదానిని బాగుచేసినవానికి నాలుగేండ్లును, పిచ్చిచెట్లు పెరిగినదానిని శుభ్రపరచినవానికి మూడేండ్లును పన్ను మినహాయింపు నాతడు చెప్పెను. అంతటితో ఊరకుండక, అనుభవించుచు మరమ్మతు చేయనివానికి కలిగిన నష్టమునకు రెండింతలు దండుగ వేయుమనెను. మినహాయింపును దండుగయు ఒకే ప్రకరణములో ప్రక్కప్రక్కనే ఉన్నవి. మన దశబంధము ఆ మినహాయింపును వంశపారంపర్యము చేసినది. దానితోపాటు బాధ్యతనుగూడ వంశపారంపర్యము చేసినది.

1800లో నైజాము ఈ సీమను ఈస్టిండియా కంపెనీకి దత్తము చేసెను. తరువాత 1807 వరకు మన్రోదొర దత్తమండలములకు ప్రధాన కలెక్టరుగా నుండెను. 1858లో చెన్నపట్టణపు ప్రభుత్వము ఇనాము కమిషనును ఏర్పరచి, ఎవరి ఇనామునకు ఏ హక్కు కలదో విచారింపజేసెను. దశబంధములను చెరువు మరమ్మతులో నుంచవలెనను షరతుతో స్థిరపరచిరి. మరమ్మతు మానినవాని ఇనాము సర్కారునకు పోవుట ఆ షరతులోని భాగమే. కనుక దశబంధదారుడు భూమికి యజమాని యనుటకన్న చెరువునకు పూచీదారుడనుట సమంజసము.

ఇప్పుడు మన ఊరి మాటకు వత్తము. బుక్కరాయసముద్రపు చెరువు దశబంధపు చెరువని నేను చెప్పుట లేదు. ఇది బుక్కరాయల కాలమున, 1364లో, ఆయన మంత్రి చిక్కప్ప ఒడయరు పండమేరు నీటిని కట్టగట్టి నిర్మించినదని చరిత్ర. కట్టకు ఒక కొనను బుక్కరాయసముద్రము, ఇంకొక కొనను అనంతసాగరము వెలసినవనియు, ఆ అనంతసాగరమే నేటి అనంతపురమనియు చెప్పుదురు. అయిదేండ్ల తరువాత, 1369లో, బుక్కరాయల కుమారుడు భాస్కరుడు కడప సీమయందలి పోరుమామిళ్లలో గొప్ప చెరువు కట్టించి శాసనము వేయించెను. రెండేండ్లు దినమునకు వేయిమంది కూలీలు పని చేసిరని ఆ శాసనము తెలుపుచున్నది. ఇవి రాజులు, మంత్రులు చేయగల పనులు. కాని ఈ సీమయంతట ఊరూర ఉన్న చిన్న చెరువులను రాజులే వచ్చి కట్టలేదు. సామాన్య గృహస్థులు, గౌడలు, రెడ్లు, కోమట్లు, బ్రాహ్మణులు తమ సొమ్ము పోసి కట్టిరి. వారిచేత కట్టించినది కొంత పుణ్యాసక్తి, కొంత దశబంధము. సప్తసంతానములలో తటాకమొకటి యని నమ్మినవారికి పరలోకము, దశబంధమువలన ఇహలోకము. పూర్వుల యుక్తి ఇట్టిది.

మన చెరువుకట్టను తలచినపుడు ముసలమ్మ తల్లిని తలపకుండుట మనకు సాధ్యము కాదు. కట్ట తెగబోవు వేళ ఊరికొఱకు తన్ను తాను అర్పించుకొన్న ఆ సాధ్వి కథను, బ్రౌనుదొర ప్రకటించిన అనంతపుర చరిత్ర ఆధారముగా, కట్టమంచి రామలింగారెడ్డిగారు 1899లో ముసలమ్మ మరణమను కావ్యముగా రచించిరి. ఆ తల్లికి నమస్కరించియే ఈ మాట చెప్పుచున్నాను: ఏ ఊరికిని రెండవ ముసలమ్మ అవసరము పడకుండుటకు చేసిన ఏర్పాటు దశబంధము. గండి పడిన రాత్రి కావలసినది త్యాగము. గండి పడకుండుటకు కావలసినది ఏటేట వేయు తట్టెడు మట్టి. త్యాగమునకు గుడి కట్టుదుము. తట్టెడు మట్టికి లెక్క వ్రాయుదుము. ఊరు నిలుచుటకు రెండును కావలసినవే గాని, లెక్క సరిగా నడచిన ఊరిలో త్యాగమునకు పని తక్కువ.

కాలము మారినది. 1956లో ఆంధ్రప్రాంతమున ఇనాముల రద్దు చట్టము వచ్చి, ఇనాము భూములకు రైతువారీ పట్టాలు పొందు మార్గమేర్పడినది. 1984లో కరణాల ఉద్యోగములు రద్దయినవి. ఆ దస్త్రములందలి మాటల అర్థమెరిగినవారును క్రమముగా తగ్గిపోయిరి. 1997లో సాగునీటి వ్యవస్థలను రైతులే నడుపుకొనవలెనని చట్టము చేసి నీటి వినియోగదారుల సంఘములను ఏర్పరచిరి. ఈ మార్పులు తప్పని నేననుట లేదు. పుట్టుకతో వచ్చు హక్కులు పోవుట మంచిదే. కాని భూమికి అంటియున్న పేరు పోయినపుడు, ఆ పేరుతో ముడిపడిన పని ఎవరి పాలికి వచ్చినదో మనము విచారించుకొనవలసి యుండెను. పూడిక తీయుట ఎవరి విధి? మరవ రాళ్లు కదలినచో చూచువాడెవడు? కాలువ గట్టు దున్నుకొనువానిని అడుగువాడెవడు? పూర్వము ఈ ప్రశ్నలకు ఒక మనుష్యుని పేరు ఉత్తరముగా నుండెను. నేడు సంఘము, పంచాయతి, ప్రభుత్వము అని మూడు ఉత్తరములున్నవి. ఉత్తరములు పెరిగిన కొలది పూచీ పలుచనగును. బంధమను మాటను విడిచి భూమినిమాత్రము పట్టుకొన్నచో, పట్టా మిగులును, చెరువు మిగులదు.

ఇక ఈ గ్రంథాలయమునుగూర్చి రెండు మాటలు చెప్పి విరమించెదను. 1960 నాటి గ్రంథాలయ చట్టము ననుసరించి, ఇంటిపన్నులో రూపాయికి ఎనిమిది పైసలు గ్రంథాలయపు పన్నుగా విధింపబడినది. పదవవంతుకు కొంచెము తక్కువ. దశబంధమునకు ఇంత సమీపమైన పన్ను మన ఊరిలో మరియొకటి లేదు. దానిని మీరు చెల్లించుచున్నారు గనుక, పుస్తకములు అడుగుటకు మీకు హక్కు కలదు. వాటిని చెదలకు, వానకు విడువకుండ చూచు పూచీయు మీదే.

నా విన్నపమొక్కటి. మీ ఇండ్లలో అటకలమీద పాత పట్టాలు, దస్తావేజులు, కవిలెకట్టలు, రాగిరేకులు ఉండవచ్చును. వాటిలో ఇట్టి మాటలు ఎన్నియో కలవు. అసలు కాగితము ఎవరికిని ఇవ్వనక్కరలేదు. ఆదివారమునాడు ఇచ్చటికి తెచ్చినచో, ఆ మాటను, అది వచ్చిన వాక్యమును, సంవత్సరమును ఒక పుస్తకములో ఎక్కించి, కాగితమును మీ చేతికే తిరిగి ఇచ్చెదను. పుస్తకము గ్రంథాలయముననే యుండును. మొదటి పుటలో దశబంధమును వ్రాసి యుంచితిని. తక్కిన పుటలు మీవి.