పుస్తెలెవరివి? పులస ఎవరికి?

(మహిళా కార్యకర్తల శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



పుస్తెలమ్మి అయినా పులస తినాలని గోదావరి జిల్లాల్లో ఒక సామెత ఉంది. వరద నీటికి ఎదురీదుతూ వచ్చే ఆ చేప రుచి గురించి చెప్పేటప్పుడు అందరూ నవ్వుతూ వాడే మాట. నేనూ చాలాసార్లు నవ్వాను. అమ్మే పుస్తెలు ఎవరి మెడలోవి, అమ్మాలని నిర్ణయించేది ఎవరు, పులస ముక్క ముందు ఎవరి కంచంలో పడుతుంది అన్న ప్రశ్నలు నాకు చాలా ఆలస్యంగా తట్టాయి.

వినియోగ సంస్కృతి గురించి మాట్లాడమన్నారు. ఆ మాట రాగానే మన సభల్లో సైతం వేళ్లన్నీ స్త్రీల వైపే తిరుగుతాయి. చీరల పిచ్చి, నగల పిచ్చి అంటాం. కోనసీమలో ఒక పొదుపు సంఘం సమావేశంలో నేనూ అదే పాఠం చెప్పాను. బంగారం మీద వ్యామోహం తగ్గించుకోండి అన్నాను. ఒకామె అడ్డొచ్చింది. "పొలం తమ్ముడిదండి. ఇల్లు మా ఆయనదండి. రేపు బయటికి పొమ్మంటే నాతో వచ్చేది ఈ గొలుసొక్కటే కదండీ. ఇదీ వద్దంటే ఎలాగండీ?"

నా దగ్గర జవాబు లేదు. ఆమెది వ్యామోహం కాదు, లెక్క. ఆ లెక్క ఎలా తయారైందో చూద్దాం.

మన దగ్గర శ్రామిక కులాల్లో చాలాకాలం ఓలి ఉండేది. పెళ్లికొడుకు తరఫువాళ్లే పిల్ల ఇంటికి ఇచ్చుకునేవారు. పొలంలో ఆడపిల్ల శ్రమకు అది వెల. అంతమాత్రాన ఆమెకు గౌరవం ఉండేదని నేననను. పై కులాల్లో అదే కన్యాశుల్కమై, పసిపిల్లలను ముసలివాళ్లకు అమ్మేదాకా పోయింది. గురజాడ నాటకాన్ని 1892లో ప్రదర్శించే నాటికి అదొక పెద్ద సమస్య. తర్వాత ఇంగ్లీషు చదువు, జీతం ఉన్న వరుడు వచ్చాడు. డబ్బు ప్రవాహం దిశ మార్చుకుంది. కట్నం గౌరవానికి గుర్తయ్యాక, ఓలి ఇచ్చిన కులాలు కూడా దాన్నే అనుకరించాయి. పెళ్లి పందిట్లో పిల్ల ఒంటిమీది బంగారం పుట్టింటివారి పరువు ప్రదర్శన అయింది. ఎన్ని కాసులు పెట్టారు అన్నదే ప్రశ్న. తెలంగాణలో అయితే ఎన్ని తులాలు అంటారు, అంతే తేడా. కోస్తాలో కొన్ని కుటుంబాలు పసుపు కుంకుమల కింద భూమి ఇచ్చేవి. ఆ ఆనవాయితీ అందరికీ లేదు.

చట్టాలు ఏం చేశాయి? 1956 హిందూ వారసత్వ చట్టం స్త్రీకి తన ఆస్తిపై పూర్తి హక్కు ఇచ్చింది గానీ, ఉమ్మడి కుటుంబపు ఆస్తిలో పుట్టుకతో వచ్చే వాటాను మగపిల్లలకే ఉంచింది. 1961లో వరకట్నాన్ని నిషేధించారు. 1963లో బంగారం నియంత్రణ నిబంధనలు తెచ్చి కొత్త నగలు 14 క్యారెట్లకు మించకూడదన్నారు. దేశం దగ్గర విదేశీ మారకం లేదు, ఆడవాళ్ల మెడల్లో సొమ్ము వృథాగా పడి ఉందన్నది పెద్దల వాదన. దొంగ రవాణా పెరిగింది, కంసాలుల బతుకులు దెబ్బతిన్నాయి, బంగారం మీద మోజు మాత్రం తగ్గలేదు. తగ్గించుకొమ్మని చెప్పినవాళ్లెవరూ దానికి బదులు భూమిలో వాటా ఇస్తామనలేదు మరి. నియంత్రణ చట్టాన్ని చివరికి 1990లో ఎత్తేశారు.

ఉమ్మడి ఆస్తిలో ఆడపిల్లకు సమాన వాటా మన రాష్ట్రంలో 1985 సెప్టెంబరు నుంచి వర్తించింది, అదీ అప్పటికి పెళ్లికాని వాళ్లకే. దేశమంతటా 2005లో వచ్చింది. నేటికీ "కట్నం ఇచ్చాం కదా, నగలు పెట్టాం కదా" అంటూ పుట్టింట్లో సంతకం పెట్టించుకుంటున్నారు. అంటే బంగారం ఆమెకు ఆస్తి మాత్రమే కాదు, అసలు ఆస్తిని వదులుకున్నందుకు చేతిలో పెట్టిన రశీదు కూడా.

ఈ భయాన్నే సరళీకరణ తర్వాతి మార్కెట్ పండగగా మార్చింది. మా చిన్నతనంలో అక్షయ తృతీయ అంటే సింహాచలం చందనోత్సవమే. ఆ రోజు బంగారం కొనాలని మా ఇంట్లో అనుకున్న గుర్తు లేదు. ఇప్పుడు ఆ ఉదయమే దుకాణాల ముందు బారులు తీరుతున్నారు. కొన్నప్పుడు తరుగు, మజూరీ కడతాం. అమ్మినప్పుడు ఆ రెండూ తిరిగిరావు. వడ్డాణం పరువుకే తప్ప భద్రతకు పనికొచ్చే వస్తువు కాదని లెక్క వేసి చూపిస్తే మన స్త్రీలకు క్షణంలో అర్థమవుతుంది. వ్యామోహం గురించి ఉపన్యాసం అక్కర్లేదు.

పోనీ, ఒంటిమీద ఉన్నదైనా ఆమెదేనా? సాగు పెట్టుబడికి, ఆడపడుచు పెళ్లికి మొదట తాకట్టుకు వెళ్లేది అదే. అప్పు తరచుగా భర్త పేరున ఉంటుంది. స్త్రీధనం భార్య సొంతమని, తిరిగి ఇవ్వకపోతే నమ్మకద్రోహం నేరం కింద కేసు పెట్టవచ్చని ప్రతిభారాణి కేసులో సుప్రీంకోర్టు 1985లోనే చెప్పింది. కానీ కోర్టులో మొదటి ప్రశ్న రుజువేది అన్నదే. పెళ్లిలో వచ్చిన కానుకల జాబితాను వస్తువు, విలువ, ఇచ్చినవారి పేరు, బంధుత్వంతో సహా రాసి వధూవరులు సంతకం చేయాలన్న నిబంధనలు కూడా 1985వే. మన కార్యకర్తల పెళ్లిళ్లలో ఎన్నిటికి రాశామో చేతులెత్తమని అడగను, నా పెళ్లికీ రాయలేదు.

కోనసీమకు మళ్లీ వెళ్లినప్పుడు ఆమెను వెతికి కలిశాను. గొలుసు రశీదు ఎవరి పేరున ఉందని అడిగాను. "మా నాన్న పేరునుండాలండి. మా అత్తగారి బీరువాలో ఉంది," అంది.