గాలివానల పంచాంగము

(మన సంఘము వారి 2025 విశ్వావసు ఉగాది సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఉగాదినాడు పంచాంగ శ్రవణము మన ఆచారము. శాస్త్రిగారు ఆ పని ఇంతకుముందే నెరవేర్చిరి. క్రోధి గడచి విశ్వావసు వచ్చినది. ఆదాయ వ్యయములు విని కొందరు సంతోషించిరి, కొందరు నిట్టూర్చిరి. కార్యదర్శిగారు నన్నును పంచాంగమును గూర్చియే నాలుగు మాటలు చెప్పుమనిరి. నేను జ్యోతిషము ఎరిగినవాడను కాను; ఫైళ్ళపై తేదీలు వేయుట నా ఉద్యోగము. కావున తిథివార నక్షత్రములను పెద్దలకు విడిచి, మరియొక పంచాంగమును గూర్చి మనవి చేసెదను. అది గాలివానల పంచాంగము.

ముందుగా కొంత దూరము పోవుదము. అంగారక గ్రహము సూర్యుని ఒకసారి చుట్టివచ్చుటకు మన లెక్కలో 687 దినములు పట్టును. అచ్చట మనుష్యులు లేరు గనుక శకకర్తలును లేరు. అయినను ఆ గ్రహమును పరిశీలించు శాస్త్రజ్ఞులకు దాని సంవత్సరములను లెక్కించు అవసరము కలిగినది. 2000 సంవత్సరమున క్లాన్సీ అను శాస్త్రజ్ఞుడును, ఆయన సహచరులును ఒక లెక్క ఏర్పరచిరి. దాని ప్రకారము 1955 ఏప్రిల్ 11 అంగారకుని మొదటి సంవత్సరాది. అది అచ్చటి ఉత్తరార్ధమున వసంతారంభము. మన ఉగాది వంటిదే. కాని అన్ని సంవత్సరములుండగా దానినే మొదటిదిగా ఏల గ్రహించిరి? ఆ సంవత్సరములోనే, అనగా మన 1956లో, ఆ గ్రహమును గొప్ప ధూళి తుఫాను కప్పివేయుట భూమి నుండి చూచియుండిరి. శాలివాహనుడు లేనిచోట తుఫానే శకకర్త యైనది! ఆ లెక్కలో 38వ సంవత్సరము 2024 నవంబరు 12న ఆరంభమైనది.

ఇది వింతగా తోచవచ్చును. కాని మన సముద్రతీరమువారు ఈ లెక్కను ఏనాటినుండియో ఎరుగుదురు.

మాది దివిసీమ. నా పుట్టిన తేదీ బడి రికార్డులో ఒకటి గలదు గాని, ఇంటిలో దాని నెవ్వరును ఉపయోగించి ఎరుగరు. "నువ్వు ఉప్పెన తరవాత మూడో సంక్రాంతికి పుట్టావురా" అని మా నాయనమ్మ చెప్పెడిది. ఉప్పెన అనగా 1977 నవంబరు 19. పంచాంగము ప్రకారము పింగళ నామ సంవత్సర కార్తికము. మా ఇంట పింగళ అను మాట నేను వినలేదు. పెండ్లిండ్లు, పొలము కొనుట, ఇల్లు కట్టుట, అన్నియు "ఉప్పెనకు ముందు", "ఉప్పెన తరువాత" అని రెండు యుగములుగా విడిపోయి యుండెను.

1991లో జనాభా లెక్కలకు ఒక ఉపాధ్యాయుడు మా ఇంటికి వచ్చెను. వయస్సు తెలియనివారికి గాలివానలు, వరదలు, కరవులు గుర్తుచేసి వయస్సు కట్టుట లెక్కల వారికి పరిపాటి. నాయనమ్మ తాను కాపురమునకు వచ్చిన యేటి గాలివానను చెప్పినది. ఆయన దానినిబట్టి వయస్సు వేసికొనెను. పిదప పుట్టిన బిడ్డలెందరు, ఉన్నవారెందరు అని అడిగెను. "అయిదుగురండి. ఉన్నది నలుగురు" అనినది. లేని బిడ్డ వయస్సు ఆయన అడుగలేదు. ఫారములో అట్టి గడి లేదు. ఆమెయే చెప్పినది: "ఉప్పెన నాటికి ఆరేళ్ళండి. ఇప్పుడుంటే పందొమ్మిది." ఆయన కలము ఆపి కొంతసేపు తలవంచుకొనియుండి, తరువాతి ప్రశ్నకు పోయెను. నేను సచివాలయమున చేరిన తరువాత ఎన్నో పట్టికలు నింపితిని. ఏ గడిలోనికిని ఎక్కని ఆ పందొమ్మిది నన్ను విడువలేదు.

ఆ ఉప్పెనలో సుమారు పదివేలమంది పోయిరి. దానికి 113 ఏండ్ల ముందు, 1864 నవంబరు 1న, బందరును ముంచిన ఉప్పెనలో సుమారు ముప్పదివేలమంది పోయిరి. బందరు మాకు దూరము కాదు. అయినను 1977 నాటికి ఆ సంగతి కండ్లార చూచినవా డొకడును మిగిలియుండలేదు. మన ప్రభవాది చక్రము అరువదేండ్లది; మనుష్యుని జ్ఞాపకమునకు సరిపోవునది. మహా ఉప్పెన అంతకంటె ఎక్కువకాలము ఆగి రాగలదు. తాత చూచినది మనుమనికి కథయగును. వాని మనుమనికి కథయు మిగులదు.

జ్ఞాపకము నిలిచినచో ఏమగునో కూడ చూచితిమి. 1990 మే 9న దాదాపు అంతటి బలముగల తుఫాను కృష్ణాముఖమున తీరము దాటెను. ఈసారి ఆరు లక్షలకు పైగా జనమును ముందుగనే తరలించిరి. మృతుల సంఖ్య వేయికి లోపుగా నిలిచినది. అదియు చిన్న సంఖ్య కాదు. కాని పదివేలకును దానికిని గల భేదములో ఎందరి బిడ్డలున్నారో మా నాయనమ్మకు తెలియును.

ఇక మన పుదుచ్చేరి సంగతి. 1761 జనవరి 1న ఈ పట్టణమును ముట్టడించియున్న ఆంగ్లేయుల ఓడలు కొన్ని తుఫానులో మునిగిపోయినవి. అయినను పక్షము దినములకే కోట వారి వశమైనది. మన యానామునకు చేరువనున్న కోరంగి 1789లోను, 1839 నవంబరులోను ఉప్పెన పాలైనది. కలకత్తానుండి ఇట్టి తుఫానులను పరిశీలించిన పిడింగ్టన్ 1848లో "సైక్లోన్" అను మాటను ప్రచారమునకు తెచ్చెను. చుట్టచుట్టుకొనిన పాము అని దాని భావము. 1996 నవంబరు 6న కోనసీమను, యానామును తుఫాను పాడుచేసినది. 2011 డిసెంబరు 30న థానే ఇచ్చటి చెట్లను నేలకూల్చినది. 2024 నవంబరు 30 రాత్రి ఫెంగల్ వచ్చి, కదలక మనపైననే నిలిచి, ఒక్క దినములో 46 సెంటీమీటర్లకు పైగా వాన కురిపించినది. కృష్ణానగర్ వీథులలోనికి సైన్యము రావలసివచ్చినది మీరందరును చూచినదే.

ఈ తేదీలను వరుసగా వ్రాసిచూడుడు. ఎక్కువ భాగము స్వాతి, విశాఖ, అనూరాధ కార్తెలలోనే పడును. కార్తెలను బట్టి నారుపోసిన మన పెద్దలకు ఇది క్రొత్తగాదు. థానే డిసెంబరు చివర, 1990 నాటిది మే మాసమున వచ్చుటచే, మిగిలిన కాలమున నిశ్చింతగా ఉండవచ్చునని కూడ అనరాదు.

2004 నుండి మన సముద్రములలోని తుఫానులకు పేర్లు పెట్టుచున్నారు. ఇప్పుడు పదమూడు దేశములు ఆ పేర్లను ఇచ్చుచున్నవి. థానే మయన్మారు వారిది, ఫెంగల్ సౌదీ అరేబియా వారిది. మన సంవత్సరముల పేర్లు అరువదేండ్లకు తిరిగివచ్చును. విశ్వావసు మరల వచ్చును. ఒకసారి వాడిన తుఫాను పేరు మాత్రము మరల వాడరు. కావున దానిని గుర్తుంచుకొను భారము మనదే.

నా కోరిక చిన్నది. మన సంఘము అచ్చువేయు గోడ క్యాలెండరులో పండుగల ప్రక్కన ఈ తుఫానుల తేదీలను కూడ చేర్చవలెను. స్వాతికార్తె మొదలు కాగానే ప్రతి కుటుంబమును పిల్లల సర్టిఫికెట్లను, ఇంటి పత్రములను తడవని సంచిలో కట్టి ఎత్తున ఉంచవలెను. మన వీథిలో ఒంటరిగానున్న వృద్ధు లెవ్వరో, వారిని ఎవరు పిలుచుకొని రావలెనో ముందే నిర్ణయించుకొనవలెను. మా నాయనమ్మ బ్రతికియున్నంతకాలము కార్తికమున బియ్యపు బస్తా నొకదానిని అటకపైకి ఎక్కించెడిది. మేము నవ్వెడివారము. ఆమె పంచాంగ శ్రవణము అదియేనని ఇప్పుడు తోచుచున్నది.

విశ్వావసు మీకందరకును శుభము కలిగించుగాక.