మన్యపు పితూరీలు – చరిత్రకారుని చూపు
(సంఘ సమావేశమున చేసిన ప్రసంగ పాఠము)



గెరిల్లా యను మాట 1808లో నెపోలియను సేనలపై స్పెయిను ప్రజలు సాగించిన పోరాటముతో లోకమున వ్యాపించినది. ఆ భాషలో దానికి చిన్న యుద్ధమని అర్థము. మాట క్రొత్తదైనను అట్టి యుద్ధము మన కొండలకు క్రొత్త కాదు. మన పెద్దలు దానిని పితూరీ యనిరి.

1922 ఆగస్టు 22, 23, 24 తేదీలలో అల్లూరి సీతారామరాజు చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి ఠాణాలపై బడి 26 తుపాకులను గైకొనెను. సెప్టెంబరు 24న దామనపల్లి కనుమలో కవర్డు, హైటరు అను ఇరువురు ఆంగ్లాధికారులు హతులైరి. అస్సాం రైఫిల్సు దళమును రప్పించినను పోరు ఇంచుమించు రెండేండ్లు సాగెను. 1924 మే 7న రాజు కాల్చి చంపబడెను.

ఈ కథ మనకు కంఠస్థమే. డేవిడ్ ఆర్నాల్డను చరిత్రకారుడు 1982లో ప్రకటించిన వ్యాసమున 1839 నుండి 1924 వరకు గూడెం, రంపలలో లేచిన పితూరీలను ఒక వరుసగా పరిశీలించెను. కల్లుపై పన్ను 1879 నాటి రంప పితూరీకి ఒక కారణము. తరువాత 1882 అటవీ చట్టము పోడునకు అడ్డు వచ్చెను. వెట్టిచాకిరి, ముఠాదారుల హక్కుల క్షీణత, పల్లపు వర్తకుల అప్పులు వీనికి తోడైనవి. గ్రామము అన్నముపెట్టి, జాడ దాచిననే గెరిల్లా నిలువగలడు. గ్రామమేల తోడ్పడెనో తెలియనిదే ఆ యుద్ధము మనకు తెలియదు.

ఇచ్చట మనము తలవంచి ఆలోచింపవలసినది కలదు. కొండవారి పక్షమున నిలిచిన రాజు తెలుగువాడే. పల్లమునుండి వెళ్లి అప్పుపత్రము వ్రాయించుకొన్నవారిలోను తెలుగువారు కలరు. మొదటివానిని తలచి గర్వించి, రెండవవారిని మరచుట చరిత్ర యనిపించుకొనదు.

పితూరీలనుగూర్చిన వ్రాతలలో అధికభాగము వానిని అణచినవారివే. అందుచేత చరిత్రకారుడు వానిని జాగ్రత్తగా చదివి, ఇతర ఆధారములను వెదకవలెను. 1936 ఏప్రిల్ 1 వరకు మన కోరాపుట్టు ప్రాంతము విశాఖపట్టణము జిల్లాలోనిదే. నాటి తెలుగు పత్రములు, లెక్కలు, ఉత్తరములు మన యిండ్ల పెట్టెలలో నున్నచో చెదలపాలు చేయవలదని ప్రార్థించుచున్నాము. అట్లే కువి మాటలాడు మన పొరుగు పెద్దల జ్ఞాపకములను వారి నోటనే విని వ్రాసికొందము.

అప్పిచ్చినవాని పేరును, వ్రేలిముద్ర వేసినవాని పేరును ఒక్క కాగితముననే యుండును. ఇరువురి మనుమలును నేడు నారాయణపట్న సంతకు వచ్చుచున్నారు. వారిరువురును కలిసి చదువదగిన చరిత్రయే మనకు కావలసినది.