బాలుర కళాపోటీలు – న్యాయస్థానములు



మొన్న శివరాత్రినాఁడు మా పాలకొల్లులో క్షీరారామలింగేశ్వరుని దర్శించి, గాలిగోపురము నీడను కూర్చుండియుండఁగా, పరిచితుఁడగు ఒక రైతు నన్ను సమీపించి, "మాస్టారండీ, మా మనవరాలికి నాట్యంలో రెండో బహుమతి ఇచ్చారండి. కోర్టుకి వెడితే మొదటిది వస్తుందాండి?" అని యడిగెను. నేను నవ్వితిని. అతఁడు నవ్వలేదు. ఆ ప్రశ్నయే నేఁటి ప్రసంగమునకు హేతువు.

ఇట్టి వ్యాజ్యములు విరివిగా నడచుట కేరళదేశమున. అచ్చట పాఠశాలల బాలబాలికలకై 1957 జనవరిలో ఎర్నాకుళమున ఆరంభమైన రాష్ట్రకళోత్సవము కలదు. బడిలో గెలిచినవారు ఉపజిల్లాకు, అటనుండి జిల్లాకు, తుదకు రాష్ట్రమునకుఁ బోవుదురు. కథకళి, మోహినియాట్టములతోపాటు మన కృష్ణాతీరపు కూచిపూడియు నందొక పోటీ. మన పల్లె పేరిటి విద్యకై మలయాళపు బిడ్డలు పోటీపడుదురని వినుట నాకు సంతోషమే. ఎక్కువ మార్కులు గడించిన జిల్లాకు 117½ కాసుల బంగారుపాత్ర దక్కును. రాష్ట్రస్థాయిలో మేలిశ్రేణి పొందిన బిడ్డకు బడిపరీక్షలోను మార్కులు కలియును. ఇఁక తండ్రులు ఊరకుందురా?

ఓడినవారు మొదట విద్యాశాఖవారి అప్పీలుసంఘమునకు రుసుము చెల్లించి విన్నవింతురు. అచ్చట కాకున్న హైకోర్టు. అప్పీలు గెలిచిన బిడ్డ, గెలిచినవానిని తొలఁగింపక, వానితోపాటు పైమెట్టున అదనముగా ఆడును. ఇట్లు అదనపువారు పెరిగి పోటీలు నడిరేయి దాటును. పసిబిడ్డలు ముఖమున రంగుతో నిద్రకు జోఁగుచు తమ వంతునకై కాచియుందురు. 2018లో త్రిచూరు ఉత్సవమున దొంగ అప్పీలు ఉత్తరువులే పట్టుబడినవి. పోటీ ముదిరినదని కళాతిలకము, కళాప్రతిభ యను బిరుదులను 2006 నుండి మానివేసిరి, వ్యాజ్యములు మానలేదు.

2022 డిసెంబరులో కేరళ హైకోర్టు అట్టి అర్జీలను త్రోసిపుచ్చుచు, బిడ్డల ఓటమిని అంగీకరించుటకుఁ దలిదండ్రులు సిద్ధపడవలెననియు, అనవసర కలహము కొందఱు బిడ్డలను మనోవ్యాకులతకు గుఱిచేయుననియుఁ జెప్పెను. నియమము తప్పినదా యని న్యాయమూర్తి చూడఁగలఁడు. తాను చూడని నాట్యమునకు మార్కులు వేయలేఁడు.

ఇంతవఱకు నేనును కోర్టు పక్షమే. కాని రెండవ పక్షమునకు సాక్షిని నేనే.

కొన్నియేండ్ల క్రిందట ఒక పద్యపఠనపు పోటీకి నేను నిర్ణేతను. ఒక పిల్లవాఁడు ఉత్పలమాల చదువుచు, పాదాంతమున నాఁగక తరువాతి పాదములోనికి సాగి, అచ్చట నడుమ నాఁగెను. పాదపాదమునకు ఆఁగుట కలవాటుపడిన నా చెవికది తప్పుగాఁ దోఁచి రెండు మార్కులు తగ్గించితిని. వాఁడు మూఁడవవాఁడయ్యెను. తండ్రి వచ్చి ఎక్కడ తగ్గినదని యడుగఁగా అంకెలు చూపితిని, కారణము చెప్పలేదు. పండితుఁడు సంజాయిషీ యిచ్చుకొనవలెనా యను గర్వము.

ఆ రాత్రి ఆ పద్యమును నాలో నేను చదువుకొంటిని. అర్థము పిల్లవాఁ డాఁగినచోటనే విఱుగుచున్నది!

ఆ తండ్రి హైకోర్టునకే పోయియుండిన నేమగును? సంతకములు సరిగా నున్నవి, కూడిక సరిగా నున్నది, నియమమేదియుఁ దప్పలేదు. అర్జీ కొట్టివేయఁబడును. దోషము కాగితమున లేదు, నా చెవిలో నున్నది.

కావున గోపురము క్రింది రైతుతో నిట్లంటిని: "కోర్టు మాట తర్వాతండి. మనవరాలిని వెంటబెట్టుకుని ముందు ఆ నిర్ణేత దగ్గరికి వెళ్ళండి. ఎక్కడ తగ్గిందో పిల్లకి చూపించమని అడగండి." "చెప్పకపోతేనో?" అనెను. "చెప్పేదాకా అడగండి" అంటిని.

నేను మాత్రము, ఎవరును అడుగకయే, ఒక వారము తరువాత ఆ పిల్లవాని యింటికిఁ బోయితిని. వాఁడు చదివినట్లే పద్యము చదివితిని. వాఁడు తలయెత్తి, "అయితే నాది తప్పు కాదాండి?" అనెను. కాదంటిని. బహుమానములు అప్పటికే పంచివేసిరి. తండ్రి లోనికిఁ బోయి కాగితము, కలము తెచ్చి, "ఆ మాటే రాసివ్వండి మాస్టారూ" అనెను.

వ్రాసి, సంతకము చేసి యిచ్చితిని.