రెండున్నరేళ్లకు అందిన పతకాలు

(సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కార్యదర్శి గారు నన్ను పావుగంట మాట్లాడమంటూ, "డి.ఎ. బకాయిల గురించి మాత్రం వద్దండి, అది తీర్మానాల్లో వస్తుంది" అని షరతు పెట్టారు. సరేనని, ఆయన ఊహకు కూడా రాని విషయం ఎన్నుకున్నాను. మంచు మీద ఫిగర్ స్కేటింగ్. నవ్వకండి. తాటిపాక వాళ్లం మనం మంచుగడ్డను చేపల పెట్టెల్లో తప్ప ఎరుగుదుమా! అయినా వినండి. ఇందులో ఒక తాతగారున్నారు, ఆయన గుండె మాత్ర ఉంది, ఒక సీనియారిటీ తగాదా ఉంది, ఎరియర్స్ కూడా ఉన్నాయి.

2021 నవంబరు ఆఖరున నేనూ మా ఆవిడా అమెరికాలో, న్యూజెర్సీలో ఉన్న మా అబ్బాయి దగ్గరకు వెళ్లి, మర్నాడు ఏప్రిల్ దాకా ఉన్నాము. మర్నాడు అంటే మరుసటి ఏడు, ఆయ్, అక్కడ ఆ చలికి రోజులు ఏళ్లలాగే గడిచాయి. గుమ్మం దాటి కాలు పెట్టలేము. మా మనవరాలు పదకొండేళ్లది, వారానికి రెండు రోజులు స్కేటింగ్ నేర్చుకుంటోంది. ఆ పిల్లే నాకు గురువు. దాని పక్కన కూర్చుని ఆ సీజన్ అంతా టీవీలో చూశాను.

ముందు ఆ పేరు సంగతి. ఫిగర్ అంటే గీత, ఆకారం. పూర్వం ఈ పోటీలో సగం పైచిలుకు మార్కులు మంచు మీద గీసే గీతలకే ఉండేవి. స్కేటర్ కాలి కత్తితో ఎనిమిది అంకె లాంటి ఆకారం గీసి, మళ్లీ అదే గీత మీద తిరగాలి. తర్వాత జడ్జీలు మంచు మీదికి దిగి, వంగి, గీత మీద గీత పడిందా లేదా అని పరిశీలించేవారు. సంక్రాంతి ముగ్గుల పోటీలో మన ఆడవాళ్లు చుక్కలు లెక్కపెట్టినట్టే. 1990 తర్వాత అంతర్జాతీయ పోటీల్లోంచి ఈ గీతల పరీక్ష తీసేశారు. పేరు మాత్రం ఉండిపోయింది. 1985లో మండలాలు వచ్చి తాలూకాలు పోయినా మనం ఇంకా రాజోలు తాలూకా అంటున్నాము కదా, అలాగ.

ఇప్పుడు గెంతులకూ, గిరికీలకూ, సంగీతానికి తగిన నడకకూ మార్కులు. ఒక్కొక్కరు రెండు సార్లు ఆడతారు, ఒకటి చిన్న ప్రదర్శన, ఒకటి పెద్దది. కోడిపందెంలో ఏ కోడి పడిందో గుడ్డివాడికి కూడా తెలుస్తుంది. ఇందులో జడ్జీలు చెబితేనే తెలుస్తుంది. అందుకే తగాదాలు. 2002లో సాల్ట్ లేక్ సిటీ ఒలింపిక్స్‌లో జంటల పోటీలో ఫ్రాన్సు జడ్జి మీద ఒత్తిడి వచ్చిందని గొడవై, చివరికి రెండు జంటలకు బంగారు పతకాలు ఇచ్చారు. ఆ దెబ్బతో ఆరు మార్కుల పాత పద్ధతి పోయి కొత్తది వచ్చింది. ప్రతి గెంతుకూ ఒక నిర్ణీత విలువ. అది ఎంత బాగా చేశారో తొమ్మండుగురు జడ్జీలు విడివిడిగా వేస్తారు, అన్నిటికంటే ఎక్కువదీ తక్కువదీ కొట్టేసి మిగిలినవాటికి సగటు తీస్తారు. మన కాలంలో కాన్ఫిడెన్షియల్ రిపోర్టులు ఒకే ఆఫీసరు రాసేవారు. అప్పుడే ఈ పద్ధతి ఉండి ఉంటే ఈ హాల్లో కొందరు డిప్యూటీ తహసీల్దార్లుగా రిటైరయ్యేవారు.

మనవాళ్లెవరూ లేరా అని అడుగుతారేమో. మంచు లేదు గాని చక్రాలున్నాయి. చక్రాల స్కేట్ల మీద ఇదే నృత్యం, ఇదే రకం పోటీ. హైదరాబాదు కుర్రాడు అనూప్ కుమార్ యామ 2010లో చైనాలోని గ్వాంగ్‌జౌ ఆసియా క్రీడల్లో రెండు కాంస్యాలు తెచ్చాడు, ఒకటి ఒంటరిగా, ఒకటి అవనీ పాంచాల్‌తో జంటగా. 2015 సంవత్సరానికి అర్జున అవార్డు ఇచ్చారు. మన పేపర్లలో ఎంత జాగా ఇచ్చారో మీకు తెలియనిది కాదు. ఇక మంచు మీద అయితే, అమెరికాలో పుట్టి మన దేశం తరఫున ఆడుతున్న తారా ప్రసాద్ అనే అమ్మాయి 2025లో హార్బిన్ ఆసియా శీతాకాల క్రీడల్లో ఎనిమిదవ స్థానంలో నిలిచింది.

సరే, ఆ సీజన్. వీళ్ల సంవత్సరం జులై 1న మొదలై జూన్ 30తో ముగుస్తుంది. వయసు కూడా జులై 1కే లెక్క. ఆ తేదీకి పదిహేను నిండితే పెద్దవాళ్ల పోటీలో చేర్చుకునేవారు. అక్టోబరు, నవంబరు నెలల్లో వారానికొక దేశంలో గ్రాండ్ ప్రీ పోటీలు, డిసెంబరులో వాటి ఫైనల్, జనవరిలో ఖండాల వారీ పోటీలు, నాలుగేళ్లకోసారి ఫిబ్రవరిలో ఒలింపిక్స్, మార్చిలో ప్రపంచ పోటీ. ఆ ఏడు కోవిడ్ వల్ల అంతా తారుమారు. చైనాలో జరగవలసిన పోటీ ఇటలీకి, టురిన్‌కు పోయింది. జపానులో ఒసాకా ఫైనల్ పూర్తిగా రద్దయింది. మేము దిగేసరికే నాథన్ చెన్ అనే అమెరికా కుర్రాడు లాస్ వేగాస్‌లో మూడో స్థానానికి పడి, మూడేళ్లుగా ఓటమి ఎరగనివాడు ఓడాడని ఇంట్లో చర్చ. తర్వాత బీజింగ్‌లో అతనే బంగారం గెలిచాడు. జపాను వీరుడు హన్యూ గాలిలో నాలుగున్నర చుట్ల గెంతుకు ప్రయత్నించి పడిపోయి, నాలుగో స్థానంతో సరిపెట్టుకున్నాడు. వీటి గురించి మా మనవరాలైతే గంట మాట్లాడుతుంది. నాకు మనసులో ఉండిపోయింది వేరొకటి.

కమిలా వలియేవా. రష్యా పిల్ల. 2006 ఏప్రిల్‌లో పుట్టింది, అంటే ఆ బీజింగ్ ఒలింపిక్స్ నాటికి పదిహేనేళ్లు. ఆ సీజన్‌లో ఆడిన ప్రతి పెద్ద పోటీ గెలుచుకుంటూ వచ్చింది. సోచీలో ఆడవారిలో అంతకు ముందు ఎవరికీ రానన్ని మార్కులు, 272.71, వచ్చాయి. 2022 ఫిబ్రవరి 7న బీజింగ్‌లో దేశాల జట్ల పోటీ ముగిసింది. రష్యా జట్టు మొదటిది, అమెరికా రెండు, జపాను మూడు, కెనడా నాలుగు. ఈ పిల్ల ఆ పోటీలో నాలుగు చుట్ల గెంతు వేసింది. ఒలింపిక్స్‌లో ఒక ఆడపిల్ల అది వేయడం అదే మొదలు. మా మనవరాలు సోఫా మీంచి కిందకు దూకింది.

మర్నాడు, ఈసారి నిజంగా మర్నాడే, పతకాల సభ ఆగిపోయింది. కారణం ఏమిటంటే, 2021 డిసెంబరు 25న సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో ఆ పిల్ల దగ్గర తీసుకున్న మూత్రం నమూనాలో ట్రిమెటాజిడిన్ అనే నిషిద్ధ మందు కనిపించిందని స్వీడన్ ప్రయోగశాల రిపోర్టు ఫిబ్రవరి 8న బయటికి వచ్చింది.

ఆ మందు పేరు వినగానే మా ఆవిడ నా మొహం కేసి చూసింది. గుండెనొప్పికి ఇచ్చే మాత్ర అది. ఈ హాల్లో మన చొక్కా జేబులు తడిమితే ఓ నాలుగైదు జేబుల్లో దొరుకుతుంది. పిల్ల తరఫు వాదన కూడా అదే, వాళ్ల తాతగారు వాడే మాత్ర పొరపాటున కలిసిందని. మొదట గ్లాసు అన్నారు. తర్వాత, తాతగారు కూరల చెక్క మీద మాత్రలు నూరుకునేవారనీ, ఆయన చేసి పంపిన స్ట్రాబెరీ మిఠాయి తిన్నదనీ అన్నారు. నిజమో అబద్ధమో ఆ కుటుంబానికే తెలియాలి. నేను మాత్రం మర్నాటి నుంచి నా మాత్రల డబ్బా మనవరాలికి అందకుండా బీరువా మీద పెట్టాను.

ఇక్కడే నాలో గుమాస్తా మేల్కొన్నాడు. నమూనా తేదీ డిసెంబరు 25. ఫలితం తేదీ ఫిబ్రవరి 8. నలభై అయిదు రోజులు. ప్రయోగశాలలో కోవిడ్ వల్ల సిబ్బంది తక్కువని చెప్పారు. కావచ్చు. ఇన్‌వర్డ్ రిజిస్టరు రాసినవాడిగా చెబుతున్నాను, ఆ సీసా మీద "ఒలింపిక్స్ ముందు తేల్చవలసినది" అని ఒక ఎర్ర చీటీ అంటించి ఉంటే చాలు. జనవరిలోనే తేలిపోయి ఆ పిల్ల ఇంటి దగ్గర ఉండిపోయేది. ప్రపంచం ఎదుట ఆ నరకం ఉండేది కాదు.

నరకమనే ఎందుకంటున్నానంటే, ఆ తర్వాత చూశాము గనక. ఫిబ్రవరి 14న క్రీడల మధ్యవర్తిత్వ న్యాయస్థానం, మైనరు కనుకనూ, ఆలస్యం ఆమె తప్పు కాదు కనుకనూ, వ్యక్తిగత పోటీలో ఆడనిమ్మంది. ఆడింది. చిన్న ప్రదర్శనలో మొదటి స్థానం. 17న పెద్ద ప్రదర్శనలో పడింది, లేచింది, మళ్లీ పడింది. నాలుగో స్థానం. మంచు దిగి ఏడుస్తూ వస్తున్న పిల్లను శిక్షకురాలు, పోరాటం ఎందుకు మానేశావని నిలదీయడం టీవీలో అందరం విన్నాము. మా ఆవిడ టీవీ కట్టేసింది. బంగారం గెలిచిన అన్నా షెర్బకోవా బొమ్మను ఒళ్లో పెట్టుకుని ఒంటరిగా కూర్చున్నదని తర్వాత మనవరాలు చూపిస్తే తెలిసింది.

ఆ ఏడు మార్చిలో ఫ్రాన్సులో, మోంపెలియే ప్రపంచ పోటీకి యుద్ధం వల్ల రష్యా వాళ్లను రానివ్వలేదు. జపాను అమ్మాయి కావోరి సకమోటో గెలిచింది. సీజన్ ముగిసింది. మేమూ తిరిగి వచ్చేశాము. మేము వెళ్లినప్పుడు మనది తూర్పు గోదావరి జిల్లా, వచ్చేసరికి కోనసీమ జిల్లా.

ఫైలు మాత్రం ముగియలేదు. రష్యా క్రమశిక్షణ సంఘం ఆమె తప్పేమీ లేదంది. ప్రపంచ డోపింగ్ నిరోధక సంస్థ అప్పీలుకు వెళ్లింది. 2024 జనవరి 29న తుది తీర్పు వచ్చింది. తాతగారి మాత్ర కథ రుజువు కాలేదనీ, నాలుగేళ్ల నిషేధమనీ, అది 2021 డిసెంబరు 25 నుంచే అమలనీ, ఆ తేదీ తర్వాతి ఫలితాలన్నీ రద్దనీ. వెనుక తేదీ నుంచి అమలు! పే రివిజన్ జి.ఓ.లు చదివిన మనకు ఆ భాష కొత్తది కాదు. ఈ లోగా 2022లోనే వయసు నిబంధన కూడా మార్చి, మెట్టు మెట్టుగా పదిహేడుకు పెంచారు.

జట్టు పోటీలో బంగారం అమెరికాది, వెండి జపానుది అయింది. అమెరికా జట్టులో తొమ్మండుగురు, జపాను జట్టులో ఎనిమిది మంది. వాళ్లను బీజింగ్ నుంచి పతకాలు లేకుండానే పంపించారు. ఊరడింపుగా ఒలింపిక్ కాగడా ఒకటి బహుమతిగా ఇస్తామన్నారట. మన భాషలో మధ్యంతర భృతి. అసలు పతకాలు 2024 ఆగస్టు 7న పారిస్‌లో, ఈఫిల్ టవర్ ఎదుట ఇచ్చారు. పోటీ ముగిసింది 2022 ఫిబ్రవరి 7. సరిగ్గా రెండేళ్ల ఆరు నెలలు. అప్పటికి వాళ్లలో కొందరు పోటీలు మానేశారు. మంచు మీద గెలిచినవాళ్లు నడి వేసవిలో పతకం పుచ్చుకున్నారు. ఆ వీడియో మా మనవరాలు పంపిస్తే చూశాను. అందరూ నవ్వుతున్నారు, కొందరు కళ్లు తుడుచుకుంటున్నారు.

అది చూస్తుంటే నాతో పనిచేసిన ఒకాయన గుర్తుకు వచ్చాడు. పేరు వద్దు, ఆఫీసు కూడా వద్దు. సీనియారిటీ జాబితాలో జూనియరును తన పైన వేశారని అర్జీ పెట్టుకున్నాడు. ఉత్తర్వులు వచ్చేసరికి ఆయన రిటైరై, కాలం చేసి, సంవత్సరీకం కూడా అయిపోయింది. బకాయి ఆయన భార్యకు వచ్చింది. కాగితాల మీద సంతకాలకు నేనే వెళ్లాను. మొత్తం ఎంత అని ఆవిడ అడగలేదు. "ఆయనే సీనియరని ఇందులో రాసి ఉందా అన్నయ్యగారూ?" అంది. "ఉందమ్మా, నాలుగో పేరాలో" అన్నాను. ఆ పేరా రెండుసార్లు చదివించుకుంది.

ఇక కెనడా సంగతి. ఇది మన సూపరింటెండెంట్లు శ్రద్ధగా వినాలి. జట్టు పోటీలో ప్రతి విభాగంలో మొదటి స్థానానికి 10 పాయింట్లు, రెండుకు 9, మూడుకు 8, అలా దిగుతాయి. మొదట రష్యాకు 74, అమెరికాకు 65, జపానుకు 63, కెనడాకు 53. వలియేవా రెండు విభాగాల్లో తెచ్చిన 20 కొట్టేస్తే రష్యాకు 54. ఇంకా కెనడా కంటే ఒక పాయింటు ఎక్కువ. కనుక కాంస్యం రష్యాదే అన్నారు. కెనడా వాదన ఏమిటంటే, ఆ రెండు విభాగాల్లోనూ మా అమ్మాయి మూడవది, మొదటి ఆమెను తీసేశాక మా అమ్మాయి రెండవది కావాలి కదా, 8కి బదులు 9 చొప్పున రెండు పాయింట్లు కలిస్తే మాకు 55 కదా అని. న్యాయస్థానం 2024 ఆగస్టు 2న ఆ అప్పీలు కొట్టివేసింది.

జాబితాలోంచి ఒక పేరు తీసేస్తే కింది పేర్లు ఒక మెట్టు పైకి జరగాలా, లేక ఆ వరుస సంఖ్య ఖాళీగా ఉంచాలా? నలభై ఏళ్లు జాబితాలు రాసిన చేతులు ఈ హాల్లో ముప్ఫై దాకా ఉన్నాయి, టీ తాగుతూ మీరే తేల్చండి. ఆ ఫైలు నా బల్ల మీదికి వచ్చి ఉంటే నోట్‌లో 55 అనే రాసి, కింద పొట్టి సంతకం పెట్టి పైకి పంపేవాడిని. పైవాళ్లు ఏం రాస్తారో అది వాళ్ల ఇష్టం.